కోట నుంచి కోనకు



తిరుపతికి వచ్చే యాత్రికుల్ని కాస్త గమనించండి. రైలు దిగుతారు, కొండెక్కుతారు, క్యూలో కూర్చుంటారు. దర్శనం అవుతుంది, లడ్డూలు తీసుకుంటారు, దిగి వచ్చి తిరుచానూరు అమ్మవారిని చూస్తారు. ఓపిక ఉంటే కాళహస్తి. రాత్రి బండికి టిక్కెట్టు ముందే ఉంటుంది. దర్శనం అనుకున్నదానికంటే తొందరగా అయిపోయిందంటే మధ్యలో ఒక పగలు మిగిలిపోతుంది. ఆ పగలంతా లాడ్జి గదిలో ఫ్యాను కింద పడుకునేవాళ్ళే ఎక్కువ. నేను తప్పు పట్టడం లేదు. రాత్రంతా కంపార్ట్‌మెంటులో చంటిపిల్లల్ని ఒళ్ళో వేసుకుని కూర్చున్నవాళ్ళకు నిద్ర కావాలి. అయితే ఆ పగటిని నా చేతికిస్తే మాత్రం పొద్దున్నే చంద్రగిరి కోటకు, అక్కడి నుంచి మధ్యాహ్నానికి తలకోనకు తీసుకుపోతాను. చీకటి పడే లోపల మళ్ళీ తిరుపతిలో దించేస్తాను.

పాత రాజుల కట్టడాలు చూసి, అదే రోజు సహజమైన నీళ్ళలో మునిగి రావడమనే యాత్రను మెక్సికో దేశంవాళ్ళు పెద్ద వ్యాపారంగానే నడుపుతున్నారు. కాన్‌కున్ అనే సముద్రతీర పట్నంలో తెల్లవారుజామునే బస్సెక్కిస్తారు. దాదాపు 200 కిలోమీటర్లు ప్రయాణం చేసి, మాయా జాతివాళ్ళు కట్టిన చిచెన్ ఇట్సా నగరం చేరతారు. గైడు ఆ మెట్ల పిరమిడ్ చుట్టూ తిప్పి చూపిస్తాడు. 2006 నుంచి దాని మీదికి ఎక్కనివ్వడం లేదు. ఆ తర్వాత భోజనం. మధ్యాహ్నం ఒక సెనోటేలో ఈత. సెనోటే అంటే నేల కుంగి ఏర్పడిన సహజమైన నీటి గుంట. దిగే ముందు అందరూ షవరు కింద నిలబడాలి, లైఫ్ జాకెట్ తొడుక్కోవాలి. చిచెన్ ఇట్సాలోనే ఉన్న పవిత్రమైన గుంటలో మాత్రం ఎవరినీ దిగనివ్వరు. మాయావాళ్ళు దానిలోకి బంగారం, పచ్చరాయి, మనుషుల్ని సైతం వాన దేవుడికి అర్పించారు. గత శతాబ్దం మొదట్లో ఎడ్వర్డ్ థామ్సన్ అనే అమెరికా ఆయన దాని అడుగు తోడిస్తే అవన్నీ బయటపడ్డాయి.

ఈ వివరమంతా నాకు మా అన్న కొడుకు చెప్పాడు. డల్లాస్‌లో ఉద్యోగం. సంక్రాంతికి ఇంటికొచ్చి, ఫోన్లో ఆ ఫోటోలన్నీ చూపించి, "మన దగ్గర ఇట్లాంటివి లేవు కదా చిన్నాయనా" అన్నాడు. వాడు పుట్టింది తిరుపతిలోనే. వాడితో వాదించడం దండగ, బండెక్కించడమే మేలనుకున్నాను.

చంద్రగిరి తిరుపతికి 12 కిలోమీటర్లు. ఊరు దాటి కోట గోడ లోపలికి అడుగుపెట్టేసరికి హారన్ల మోత వెనకబడిపోతుంది. ముందు ఆ గోడను చూడండి. పెద్ద పెద్ద గండశిలల్ని ఒకదాని మీద ఒకటి పేర్చిన గోడ. చుట్టూ కందకం ఆనవాళ్ళు. వెనక నిట్టనిలువుగా రాతి కొండ. సుమారు క్రీ.శ. వెయ్యో సంవత్సరంలో యాదవరాజులు ఇక్కడ కోట కట్టారని చెబుతారు. తర్వాత విజయనగరం చేతికొచ్చింది. సాళువ నరసింహరాయలు ఈ చంద్రగిరిని ఏలుతూనే పెరిగి పెద్దవాడై, విజయనగర సింహాసనం దాకా పోయాడు. 1565లో రాక్షసతంగడి యుద్ధంలో హంపీ నాశనమైంది. రాజధాని పెనుకొండకు మారింది. ఆ తర్వాత 1592 ప్రాంతంలో రెండో వేంకటపతిరాయలు దాన్ని చంద్రగిరికి తెచ్చాడు. మన ఊరి పక్కనున్న ఈ చిన్న పట్నం కొన్నేళ్ళపాటు దక్షిణాదిలో ఒక సామ్రాజ్యానికి రాజధాని అన్నమాట. జెస్యూట్ పాదిరీలు రాయలవారి దర్శనం కోసం ఇక్కడికే వచ్చారు. మద్రాసు పుట్టుకకు కూడా చంద్రగిరితో సంబంధం ఉంది. 1639లో దామెర్ల వేంకటాద్రి నాయకుడు ఇంగ్లీషు కంపెనీవాళ్ళకు కోట కట్టుకోవడానికి చోటిచ్చాడు. ఆయన చంద్రగిరి రాయలకు సామంతుడు. 1645లో శ్రీరంగరాయలు ఆ హక్కును ఖాయం చేశాడు. మరుసటేడే గోల్కొండ సైన్యం వచ్చి ఈ కోట పట్టుకుంది. చివరికి 1782లో హైదరాలీ చేతిలో పడింది.

ఇక రాజమహల్. మూడంతస్తుల మేడ. కట్టడానికి కర్ర వాడలేదు. రాయి, ఇటుక, డంగు సున్నం, అంతే. దూలం లేకుండా అంత పెద్ద దర్బారు హాలు మీద కప్పు ఎట్లా నిలబడిందో చూడాలంటే తల పైకెత్తాలి. ఆర్చీ నుంచి ఆర్చీకి బరువు దించుకుంటూ వచ్చారు. కింది నుంచి చూస్తే మొనదేలిన ఆర్చీలు, సుల్తానుల కట్టడం అనిపిస్తుంది. పైకి చూస్తే గుడి శిఖరాలు. సుల్తానులతో యుద్ధాలు చేస్తూనే, వాళ్ళ పనితనాన్ని మాత్రం మెచ్చి తెచ్చుకున్నారు మన రాయలవార్లు. గోడకు చెయ్యి ఆనించి చూశాడు మావాడు. సున్నపు పూత నున్నగా, చల్లగా ఉంటుంది. లోపల పురావస్తు శాఖవాళ్ళ మ్యూజియం. గుడిమల్లం, గండికోట, యాగంటి నుంచి తెచ్చిన విగ్రహాలున్నాయి. శుక్రవారం సెలవు, గుర్తుంచుకోండి. ఆ రోజు వచ్చి తలుపు చూసి తిరిగిపోయేవాళ్ళను చాలామందిని చూశాను.

అక్కడ మాకు దొరికిన గైడు నడివయసు మనిషి, గొంతు గట్టిది. "కృష్ణదేవరాయలవారు చిన్నప్పుడు పెరిగింది ఈడే సార్, చిన్నాదేవిని చూసిందీ ఈడే" అని మొదలుపెట్టాడు. అందరికీ చెప్పే కథే. కథలంటే నాకు విరోధం లేదు. కానీ కోటకు వచ్చిన ప్రతివాడికీ రాణి కథే చెప్పి పంపించేస్తే ఆ కోట ఎందుకు అక్కడుందో ఎవరికీ తెలియకుండా పోతుంది. అందుకే ఆయన్ని ఆపి, "అదంతా సరే గానీ స్వామీ, ఇంతమంది సైన్యం, ఏనుగులు, గుర్రాలు. తాగేదానికి నీళ్ళు యాడివి?" అని అడిగాను. ఆయన ఒక్క క్షణం నా మొహం చూసి నవ్వాడు. "ఆ మాట అడిగేవాళ్ళు తక్కువ సార్, రండి" అని రాణిమహల్ వెనక్కి నడిపించాడు.

అక్కడొక దిగుడు బావి ఉంది. మెట్లు లోపలికి దిగుతాయి. ఆ బావి నీళ్ళే మహల్ అవసరాలకు వాడేవాళ్ళు. దగ్గర్లో కోనేరు. గైడు చెప్పుకుపోయాడు: వాన పడితే కొండ బండ మీద ఒక్క చుక్క నిలవదు, సర్రున జారి కిందికి వచ్చేస్తుంది, వచ్చినదాన్ని వచ్చినట్టు పట్టుకోవడమే కోట కట్టినవాళ్ళ తెలివి. కొండ మీది పై కోటకు ఇప్పుడు సందర్శకుల్ని ఎక్కనివ్వరు గానీ, అక్కడ కూడా రాతిలో నీటి కుంటలున్నాయన్నాడు. ఒక పక్క కొండ, ఒక పక్క స్వర్ణముఖి ఏరు. శత్రువు నెలల తరబడి బయట కూర్చున్నా లోపల గొంతు తడుపుకోవచ్చు. ఇదంతా చెబుతున్నప్పుడు ఆయన గొంతు తగ్గింది, వల్లించినట్టు కాకుండా మాట్లాడాడు. మావాడు ఫోను జేబులో పెట్టేశాడు.

మీరు చంద్రగిరి వెళితే గైడును నీళ్ళ గురించే అడగండి. ఆ ఒక్క ప్రశ్నతో కోట అంతా తెరుచుకుంటుంది.

కోట దాటి పీలేరు రోడ్డు పట్టుకుంటే రంగంపేట వస్తుంది. సంక్రాంతి రోజుల్లో అక్కడ పశువుల పండగ. ఎద్దు కొమ్ములకు కట్టిన పలకల కోసం కుర్రాళ్ళు తోసుకుంటుంటారు. ఆ ఊరు దగ్గరే కళ్యాణి డ్యాం. స్వర్ణముఖిలో కలిసే కళ్యాణి ఏటికి కట్టారు. తిరుపతివాళ్ళు, తిరుమలవాళ్ళు ఆ నీళ్ళు తాగినవాళ్ళే. స్వర్ణముఖి సంగతి మీకు తెలుసు, ఏడాదిలో ఎక్కువ రోజులు ఇసుకే కనపడుతుంది. అది చూసి మోసపోకూడదు. 2021 నవంబరులో వచ్చిన వరదను తిరుపతివాళ్ళు మరిచిపోలేదు. శ్రీనివాసమంగాపురం దగ్గర నుంచి కొండెక్కే శ్రీవారి మెట్టు దారి ఆ వానలకు కొట్టుకుపోయి, మళ్ళీ తెరిచేసరికి మే నెల వచ్చింది.

భాకరాపేట ఘాటు దాటాక నెరబైలు. అక్కడి నుంచి అడవి. తలకోన తిరుపతికి 50 కిలోమీటర్లకు పైనే ఉంటుంది. శ్రీ వేంకటేశ్వర జాతీయ వనంలో భాగం. 1989లో దాన్ని జాతీయ వనంగా ప్రకటించారు. ఒక పని ముందు చేయండి. లోపలికి పోయేటప్పుడే దారిలో ఉన్న చిన్న హోటళ్ళలో భోజనం చెప్పేసి వెళ్ళండి. మనం నీళ్ళలో మునిగి వచ్చేసరికి రాగి సంగటి, నాటుకోడి పులుసు పొయ్యి మీద ఉంటాయి. చెప్పకుండా పోయి, తిరిగి వచ్చి, "ఏముంది?" అని అడిగితే చిప్స్ పొట్లాలుంటాయి.

సిద్ధేశ్వరస్వామి గుడి దగ్గర బండి ఆపి నడక మొదలుపెట్టాలి. మాకు దారి చూపించింది అక్కడి ఊరి పెద్దాయన. అరవై దాటి ఉంటాయి. భుజాన తువ్వాలు, కాళ్ళకు రబ్బరు చెప్పులు. మావాడి ఖరీదైన బూట్లు జారినచోట ఆయన చెప్పులు జారలేదు. నాలుగడుగులకొకసారి ఆగి ఏదో ఒకటి చూపిస్తాడు. గిల్ల తీగ చూపించాడు. తీగ అంటే నమ్మలేం, మనిషి నడుమంత లావున్న చోట్లున్నాయి. ఒక చెట్టెక్కి దిగి ఇంకో చెట్టెక్కి, మొదలెక్కడో చివరెక్కడో తెలియకుండా పోతుంది. కాయ మీటరు పైగా పొడుగు. దాని గింజలు మా చిన్నప్పుడు ఆటవస్తువులు. ఎర్రచందనం చెట్టు చూపించి మాత్రం ఏమీ మాట్లాడలేదు. ఆ చెట్టు గురించి ఈ కొండల్లో ఎవరూ ఎక్కువ మాట్లాడరు.

జలపాతం దగ్గర పడేకొద్దీ గాలి తడిగా తగులుతుంది. 270 అడుగుల ఎత్తు. ఆంధ్రప్రదేశ్‌లో ఇంతకంటే ఎత్తు నుంచి దూకే జలపాతం లేదంటారు. సంక్రాంతి నాటికి ధార సన్నబడుతుంది. గాలి వీస్తే పక్కకు ఊగుతుంది, కింద నిలబడినవాళ్ళ మీద ఒకసారి పడుతుంది, ఒకసారి పడదు. పక్కనున్న బండ పగుళ్ళలోకి టార్చి వేసి చూపించాడు పెద్దాయన. బంగారు బల్లి. మగదైతే పసుపు పూసినట్టుంటుంది. 1870లో బెడ్డోమ్ అనే సైనికాధికారి దాన్ని తిరుపతి కొండల్లో చూసి శాస్త్రలోకానికి చెప్పాడు. తర్వాత వందేళ్ళకు పైగా అదెవరి కంటా పడలేదు. 1980లలో మళ్ళీ ఈ కొండల్లోనే దొరికింది. దానికి కావలసింది చల్లని రాతి సందు, పక్కనే తేమ.

ఇక్కడ రాయి సంగతి చెప్పాలి, ఎందుకంటే కోటలో వేసిన ప్రశ్నకు మిగిలిన సగం జవాబు ఇక్కడుంది. చంద్రగిరి కొండ గ్రానైటు. నీళ్ళు జారిపోతాయి. శేషాచలం పై భాగం క్వార్ట్‌జైటు. ఒకప్పటి సముద్రపు ఇసుక గట్టిపడి అయిన రాయి. గట్టిదే గానీ ఒళ్ళంతా పగుళ్ళు. వాన నీళ్ళు ఆ పగుళ్ళలో దిగి, నెలల తరబడి లోపల లోపల నడిచి, ఏదో ఒక కోనలో బయటికి వస్తాయి. వాన ఆగిపోయిన తర్వాత కూడా తలకోనలో ధార కనపడడానికి కారణం అదే. తిరుమల ఘాట్ రోడ్డులో భూవిజ్ఞాన సర్వే వాళ్ళు ఒక బోర్డు పెట్టారు. కింద గ్రానైటు, పైన క్వార్ట్‌జైటు కలిసే గీత అక్కడ కంటికి కనిపిస్తుంది. ఆ రెండు రాళ్ళ వయసుకు మధ్య పదుల కోట్ల ఏళ్ళ తేడా. బస్సులో కిటికీ పక్కన కూర్చున్నవాళ్ళు గోవిందా అంటూ దాన్ని దాటిపోతుంటారు.

మెక్సికోలో యుకటాన్ నేల సున్నపురాయి. అది నీళ్ళకు కరుగుతుంది. అడుగున గుహలై, పైకప్పు కూలి, నూతిలాగా లోతైన గుంటలు ఏర్పడ్డాయి. ఆ ఉత్తర భాగంలో నేల మీద పారే నదులు లేవు, అందుకే మాయావాళ్ళు ఆ గుంటల పక్కనే నగరాలు కట్టారు. మన క్వార్ట్‌జైటు కరగదు. పైనుంచి పడే నీళ్ళు గులకరాళ్ళను గిర్రున తిప్పి, రాయిని రాయితోనే తొలుస్తాయి. గుండాలు అలా ఏర్పడతాయి. అక్కడ చాలా గుంటల్లో ఒడ్డు నుంచి దూకినా కింద ఉండేది లోతైన నీళ్ళే. ఇక్కడ ఒక అడుగు మోకాలి లోతు, పక్క అడుగు తల మునుగుతుంది, ఆ పక్కనే నీళ్ళ కింద బండ.

మావాడు చొక్కా విప్పి సరాసరి ధార కిందికి పోబోయాడు. "నాయనా, ఆ నల్ల బండ పక్కకు పోబాకండి," అన్నాడు పెద్దాయన. "పైకి లోతు లేనట్టే ఉంటాది. అడుగున బండ తొలుచుకొని ఉండాది. కాలు ఇరుక్కుంటే రాదు." తర్వాత చేతికర్రతో నీళ్ళలో అక్కడక్కడ పొడిచి, ఎంత మేర దిగొచ్చో చూపించాడు. వాడు బుద్ధిగా అక్కడే దిగాడు. నీళ్ళు చల్లగా ఎముకల్ని పట్టుకుంటాయి. కాసేపటికి చిన్న చిన్న చేపలు వచ్చి పాదాలు గిల్లుతాయి. పెద్దాయన మాత్రం నీళ్ళను చూడడం లేదు, పైకి, ధార మొదలయ్యే చోటికి చూస్తూ కూర్చున్నాడు. ఎందుకని అడిగాను. "పైన వాన పడితే ఈడ తెలీదు సార్. ఈడ ఎండ కాస్తానే ఉంటాది. ముందు ఆకులు కొట్టుకొస్తాయి. మళ్ళ నీళ్ళు రంగు మారతాయి. అంతే, లేచి రావాల్సిందే."

తలకోనలో, నాగలాపురం గుండాల్లో, తడ దగ్గర ఉబ్బలమడుగులో కుర్రాళ్ళు చనిపోయారన్న వార్త మనం పేపర్లో తరచూ చదువుతుంటాం. ఈత రానివాళ్ళే కాదు, ఈత బాగా వచ్చినవాళ్ళు కూడా. పైనుంచి తలకిందులుగా దూకడం, పాచి పట్టిన బండ మీద సెల్ఫీ, సీసా. ఈ మూడూ లేకపోతే ఆ వార్తల్లో సగానికి సగం ఉండేవి కావని నా అనుమానం. ఏ మడుగులో దిగొచ్చో, ఏ రోజు దిగకూడదో చెప్పే హక్కు అటవీ సిబ్బందిది, పక్కనున్న ఊరివాళ్ళది. వాళ్ళు వద్దంటే బతిమాలకండి. పది నోటు ఎక్కువిచ్చి ఒప్పించకండి. మెక్సికోలో లైఫ్ జాకెట్ తొడుక్కోమంటే నోరెత్తకుండా తొడుక్కునే మనవాళ్ళు ఇక్కడ "మాకు తెలియని నీళ్ళా" అంటారు. ఎందుకంటారో నాకు ఇప్పటికీ అర్థం కాదు.

సంగటి తింటూ మావాడు ఇలాంటి చోట్లు ఇంకేమున్నాయని అడిగాడు. పుత్తూరు పక్క కైలాసకోన ఉంది, సదాశివకోన ఉంది. కృష్ణదేవరాయలు తల్లి పేరిట వెలయించిన నాగలాపురం ఊరూ, అక్కడి వేదనారాయణస్వామి గుడీ చూసి కొండ గుండాలకు పోవచ్చు. కానీ నేను చెప్పింది వేరే. గైడ్లు, టూరు ప్యాకేజీలు పుట్టకముందు నుంచీ ఇలాంటి యాత్ర ఒకటి తిరుమలలో నడుస్తోంది. తీర్థ ముక్కోటి అంటారు. సూర్యుడు మకరంలో ఉండగా వచ్చే పౌర్ణమికి రామకృష్ణ తీర్థం, కుంభంలో ఉండగా కుమారధార, మీనంలో ఉండగా తుంబురు తీర్థం. అడవి లోపలి ఈ తీర్థాలకు జనమంతా కలిసి పోవడానికి ఏడాదిలో ఇదే సందర్భం. పాపవినాశనం దాకా బస్సులో పోయి, అక్కడి నుంచి కాలినడకన అడవిలోకి దిగుతారు. దేవస్థానంవాళ్ళు దారిలో మజ్జిగ, పులిహోర పెడతారు. నిచ్చెనలు లేని చోట తాడు పట్టుకోవాలి. తుంబురు దగ్గర కొండ నిలువునా చీలి ఉంటుంది. రెండు పక్కలా ఆకాశాన్నంటే రాతి గోడలు, మధ్యలో నీళ్ళు, ఆ నీళ్ళలోనే నడిచి పోవాలి. భక్త కవయిత్రి తరిగొండ వెంగమాంబ ఏళ్ళ తరబడి తపస్సు చేసింది ఆ కోనలోనేనని చెబుతారు.

గుండె జబ్బు, ఉబ్బసం, ఊబకాయం ఉన్నవాళ్ళు రావద్దని దేవస్థానం ముందే ప్రకటిస్తుంది. తేదీ కూడా అప్పుడే చెబుతారు. పొద్దున పెందలాడే బయల్దేరినవాళ్ళనే అడవిలోకి పంపుతారు, పొద్దెక్కాక గేటు మూసేస్తారు. మావాడు అక్కడే ఫోనులో క్యాలెండరు తెరిచి, వచ్చే ఏడాది సెలవు సంక్రాంతికి కాకుండా తుంబురు తీర్థం కోసం మార్చి, ఏప్రిల్ నెలల్లో పెట్టుకోవాలంటే మేనేజరుకు ఏం చెప్పాలా అని ఆలోచించడం మొదలుపెట్టాడు. భాకరాపేట ఘాటు చీకటి పడకముందే దాటాలని డ్రైవరు తొందర చేస్తున్నాడు. లేచాం.